పిల్లల కోసం ఆడియో పత్రిక: చేతిలోని ఫోనుతో మొదటి సంచిక తీసుకురావడం ఎలా?

తెలుగు వింటే అర్థమవుతుంది, చదవడం మాత్రం రాదు. ఇలాంటి పిల్లలు మనకు చాలామంది ఉన్నారు. ఇంకా అక్షరాలు దిద్దే వయసు రానివారు కొందరు. ఇంగ్లీషు మాధ్యమంలో చదువుతూ తెలుగు వాచకం తెరవగానే నీరుగారిపోయేవారు కొందరు. డాలస్‌లోనో సిడ్నీలోనో పుట్టి, అమ్మమ్మతో ఫోనులో చక్కగా తెలుగు మాట్లాడుతూ, గుణింతాలూ ఒత్తులూ ఎరుగనివారు కొందరు. చూపు లేని పిల్లలు మరికొందరు. అచ్చు పత్రికను ఎంత అందంగా వేసినా వీరి దాకా వెళ్ళదు. చెవి ద్వారా వెళ్ళే పత్రిక వెళుతుంది.

ఇది మనకు కొత్త పని కాదు. న్యాయపతి రాఘవరావు, కామేశ్వరి దంపతులు రేడియో అన్నయ్య, రేడియో అక్కయ్యగా మద్రాసు ఆకాశవాణిలోనూ, తర్వాత హైదరాబాదులోనూ పిల్లల కార్యక్రమాలను ఒక తరం మొత్తానికి అలవాటు చేశారు. ఆ కార్యక్రమాల్లో పిల్లలు విని ఊరుకోలేదు. తామే మైకు ముందు నిలబడి పాడారు, నాటికలు వేశారు, పద్యాలు చెప్పారు. ఆడియో పత్రిక తలపెట్టేవారు అన్నిటికంటే ముందు పట్టుకోవలసిన సూత్రం ఇదే. స్టూడియో, ట్రాన్స్‌మిటర్ లేకపోయినా ఇప్పుడు ఆ పని చేయవచ్చు. ఒక ఫోను, ఒక నిశ్శబ్దమైన గది, నెలకు నాలుగైదు సాయంత్రాలు, కలిసి పనిచేసే మరో ఇద్దరు ఉంటే సరిపోతుంది.

1. ముందు వయసు తేల్చుకోండి

"పిల్లల కోసం" అని మొదలుపెట్టి నాలుగేళ్ళ పాపకూ పన్నెండేళ్ళ కుర్రాడికీ ఒకే సంచిక వినిపించాలని చూస్తే ఇద్దరూ వినరు. మూడు నుంచి ఐదేళ్ళు, ఆరు నుంచి ఎనిమిది, తొమ్మిది నుంచి పన్నెండు: ఈ మూడింటిలో ఒకటి ఎంచుకోండి. మొదటి జట్టుకు ఎనిమిది, పది నిమిషాలు చాలు. రెండో జట్టుకు పదిహేను నుంచి ఇరవై నిమిషాలు. మూడో జట్టు అరగంట వింటుంది, కానీ తమను చిన్నపిల్లల్లా చూస్తున్నారని అనిపించిందంటే రెండో నిమిషంలోనే ఆపేస్తుంది.

కొత్తగా మొదలుపెట్టేవారికి నా సలహా ఆరు నుంచి ఎనిమిదేళ్ళ జట్టు. ఈ వయసు పిల్లలకు కథ మీద నమ్మకం ఉంటుంది, పొడుపు కథ విప్పే తెలివి వచ్చి ఉంటుంది, మైకు ముందు సిగ్గు ఇంకా పెరిగి ఉండదు. ఈ మార్గదర్శిలో లెక్కలన్నీ ఆ జట్టుకు వేసినవే.

ఎన్నాళ్ళకు ఒకసారి? నెలకు ఒకటి. వారపత్రిక ఊరిస్తుంది గానీ, ఇల్లూ ఉద్యోగమూ ఉన్నవారు నాలుగు వారాలకే అలసిపోతారు. చెప్పిన రోజున రావడమే పత్రిక లక్షణం. ప్రతి నెలా మొదటి ఆదివారం అంటే మొదటి ఆదివారమే. మూడు సంచికలు పూర్తిగా సిద్ధమయ్యాకే మొదటిది విడుదల చేయండి. జ్వరాలు, పరీక్షలు, పెళ్ళిళ్ళు వచ్చిన నెలల్లో ఆ నిల్వే ఆదుకుంటుంది.

2. సంచిక అల్లిక

పద్దెనిమిది నిమిషాల సంచికను నేను ఇలా పంచుతాను. మొదటి పదిహేను సెకన్లు గుర్తు సంగీతం. తర్వాత అర నిమిషం పలకరింపు: సంచిక పేరు, నెల, ఈసారి ఏమేమి ఉన్నాయో రెండు వాక్యాల్లో. దాని వెంటనే ఒక పొడుపు కథ వేసి, విప్పకుండా వదిలేయండి. చివరలో విప్పుతామని చెప్పండి. ఆ తర్వాత ఐదు నిమిషాల కథ. కథ అయ్యాక పిల్లలను కూర్చున్న చోటి నుంచి లేపే ఆట ఏదైనా రెండు నిమిషాలు. తర్వాత "ఈ చప్పుడు ఏమిటి?" రెండు నిమిషాలు. పిల్లల గొంతులు నాలుగు నిమిషాలు. తెలుసుకునే విషయం ఒకటి, రెండున్నర నిమిషాలు. చివరి నిమిషంలో పొడుపు కథ విప్పడం, వచ్చే నెలకు ఒక ప్రశ్న, సెలవు.

ఈ వరుసలో ఒక లెక్క ఉంది. పొడవైన అంశం పక్కన పొట్టిది, విని ఊరుకునేదాని పక్కన నోరు విప్పవలసినది. రెండు కథలు పక్కపక్కన పెడితే రెండోది ఎంత మంచిదైనా నష్టపోతుంది.

పొడుపు కథల్లో చెవికి ఇంపైనవి ఏరండి. "కిటకిట తలుపులు, కిటారు తలుపులు, ఎప్పుడు తీసినా చప్పుడు కావు" అన్నది ఆడియో కోసమే పుట్టినట్టు ఉంటుంది. మాటల్లో తలుపుల చప్పుడు వినిపిస్తుంది, జవాబు మాత్రం కంటి రెప్పలు. "చిటారు కొమ్మన మిఠాయి పొట్లం" కూడా అలాంటిదే. పలుకుబడి మీద ఆడే "కాకీక కాకికి కాక కేకికా" వంటివి రెండో నిమిషంలో వేస్తే ఇల్లంతా నోరు తిప్పుతుంది.

తెలుసుకునే విషయాన్ని పాఠంలా చెప్పకండి. ఆ నెలలో పిల్లల కళ్ళముందు ఉన్నదాన్నే తీసుకోండి. జూన్ సంచికలో తొలకరి వాసన ఎక్కడి నుంచి వస్తుందో, జనవరి సంచికలో గాలిపటానికి తోక ఎందుకో. సంచిక చేరేనాటికి ఆ వస్తువు పిల్లవాడి చేతికి అందేంత దూరంలో ఉండాలి. విదేశాల్లో వినేవారు ఉంటే వారి ఋతువులు వేరని గుర్తుంచుకోండి. మనకు మే నెల ఎండ మండిపోతుంటే సిడ్నీలో చలికాలం దగ్గర పడుతూ ఉంటుంది. "బయట ఎంత ఎండో కదా" అనే మాట అక్కడి పిల్లలను బయట నిలబెట్టేస్తుంది.

3. చెవి కోసం రాయడం

అచ్చు కోసం రాసిన కథను యథాతథంగా చదివితే ఎంత మంచి గొంతైనా దాన్ని కాపాడలేదు. చదివే పిల్లవాడు అర్థం కాకపోతే వెనక్కి వెళ్ళి మళ్ళీ చదువుకుంటాడు. వినే పిల్లవాడికి ఆ వీలు లేదు. ఒక్క వాక్యం తప్పిపోతే కథ వెళ్ళిపోతుంది.

తెలుగులో క్రియ వాక్యం చివర వస్తుంది. కంటికి ఇది ఇబ్బంది కాదు, ఎందుకంటే కన్ను వాక్యమంతా ఒక్కసారే చూస్తుంది. చెవి మాత్రం ఎవరు ఏం చేశారో తెలియడానికి చివరిదాకా వేచి ఉండాలి. ఈ వాక్యం చూడండి:

"అడవిలో దారి తప్పి, ఆకలితో అలమటిస్తూ, చెట్టు కింద కూలబడి ఉన్న నక్కను చూసి జాలిపడిన కాకి తన ముక్కున ఉన్న గారె ముక్కను కిందికి జారవిడిచింది."

వ్యాకరణం ప్రకారం తప్పు లేదు. కానీ ఆరేళ్ళ పిల్లవాడికి దారి తప్పింది నక్కా, కాకా అన్నది వాక్యం సగం దాటాక గానీ తెలియదు. అదే సంగతి చెవి కోసం:

"ఒక నక్క ఉంది. అడవిలో దారి తప్పింది. నక్కకు ఆకలి వేస్తోంది. కడుపులో కరకరమంటోంది. నడిచి నడిచి, ఒక చెట్టు కింద కూలబడింది. ఆ చెట్టు మీద ఒక కాకి. కాకి ముక్కున గారె ముక్క. కాకి కిందికి చూసింది. నక్క కనిపించింది. 'అయ్యో పాపం' అనుకుంది కాకి. గారె ముక్కను కిందికి వదిలేసింది. టప్!"

మాటలు పెరిగాయి. ఫరవాలేదు. ఒక్కో వాక్యంలో ఒక్కో పని, ఒక్కో బొమ్మ. ఇందులో మరో సంగతి ఉంది. నక్క, కాకి, పాప, ఆవు, రాణి అన్నిటికీ తెలుగులో క్రియ "వచ్చింది, చూసింది" అనే ఉంటుంది. జంతువుల కథల్లో "అది" అన్నారంటే ఏది అన్న ప్రశ్న వెంటనే వస్తుంది. అందుకే సర్వనామం వాడాలనిపించిన ప్రతిచోటా పేరే వాడండి. కాగితం మీద విసుగనిపించే ఈ పునరుక్తి చెవికి ఊతం.

సంభాషణల్లో కూడా ఇంతే. అచ్చులో మాట ముందు, "అంది కాకి" తర్వాత. వినేటప్పుడు మాట్లాడింది ఎవరో ముందే తెలియాలి. "కాకి అడిగింది: ఎవరు నువ్వు?" అని తిప్పి రాయండి. లేదా ప్రతి పాత్రకూ వేరే గొంతు ఉండేలా చూడండి.

మన జానపద కథల్లో ఈ విద్య అంతా ముందే ఉంది. ఏడు చేపల కథ తీసుకోండి. రాజుగారి ఏడుగురు కొడుకులు ఏడు చేపలు తెచ్చి ఎండబెట్టారు, ఒక చేప ఎండలేదు. "చేపా చేపా, ఎందుకు ఎండలేదు?" గడ్డిమేటు అడ్డం వచ్చింది. "గడ్డిమేటా గడ్డిమేటా, ఎందుకు అడ్డం వచ్చావు?" ఆవు మేయలేదు. "ఆవా ఆవా, ఎందుకు మేయలేదు?" ఇలా ఒక్కొక్కరినీ అడుగుతూ చివరికి చీమ దగ్గరికి చేరుతుంది. ప్రతి ప్రశ్నా అంతకుముందు వచ్చిన జవాబును మోసుకొస్తుంది కాబట్టి ఒక ముక్క వినకపోయినా దారి తప్పరు. మూడో ప్రశ్నకల్లా పిల్లలకు ప్రశ్న తీరు పట్టుబడుతుంది, నాలుగో ప్రశ్న వారే అడుగుతారు. మీరు కొత్తగా కథ రాస్తుంటే ఈ కట్టడాన్ని ఎదురుగా పెట్టుకోండి. తిరిగి తిరిగి వచ్చే ఒక పల్లవి, పిల్లలు ముందే ఊహించగలిగే ఒక మలుపు, చివరలో ఊహ తప్పే ఒక జవాబు.

రాతప్రతి తయారు చేసేటప్పుడు అంకెలను అక్షరాల్లో రాయండి, ఊపిరి తీసుకునే చోట గీత గీయండి, ఒత్తి పలకవలసిన మాట కింద మరో గీత. వాక్యం ఒక పేజీలో మొదలై ఇంకో పేజీలో ముగియకుండా చూడండి, కాగితం తిప్పే చప్పుడు మైకు పట్టేస్తుంది. ఐదు నిమిషాల కథకు దాదాపు నాలుగు వందల మాటలు సరిపోతాయి. మీ వేగం తెలియాలంటే రాసినదాన్ని గడియారం ముందు పెట్టుకుని, విరామాలతో సహా ఒకసారి పైకి చదవండి. మనసులో చదివి వేసిన లెక్క ఎప్పుడూ తప్పుతుంది.

4. ఎవరి కథ, ఎవరి హక్కు

మన దేశంలో రచయిత జీవితకాలం, ఆపైన 60 ఏళ్ళు ఆ రచనపై హక్కు ఉంటుంది. ఆ 60 ఏళ్ళను రచయిత మరణించిన మరుసటి సంవత్సరం జనవరి 1 నుంచి లెక్కించాలి. 1960లో మరణించిన రచయిత రచనలపై హక్కు 2020 చివరికి తీరింది. 1915లో కన్నుమూసిన గురజాడ అప్పారావు రచనలు ఎప్పుడో అందరివీ అయ్యాయి. విదేశాల్లో లెక్క వేరుగా ఉండవచ్చు కాబట్టి అక్కడి నుంచి ప్రచురించేవారు అక్కడి చట్టం చూసుకోవాలి.

చాలామంది పొరబడేది రెండు చోట్ల. ఒకటి, మూతపడిన పిల్లల పత్రికల పాత సంచికలు ఇంటర్నెట్‌లో కనిపిస్తున్నాయి కాబట్టి వాడుకోవచ్చనుకోవడం. పత్రిక ఆగిపోతే హక్కు ఆగిపోదు. రెండు, జానపద కథ కదా అని ఎవరో పుస్తకంలో రాసినదాన్ని మాటకు మాట చదివేయడం. కథ అందరిదీ, ఆ రాత మాత్రం రాసినవారిది. ఏడు చేపల కథను మీ అమ్మమ్మ చెప్పినట్టు మీ మాటల్లో చెప్పండి, ఏ పేచీ ఉండదు. జీవించి ఉన్న రచయితల కథ నచ్చితే ఉత్తరం రాయండి. పిల్లల కోసం, ఉచితంగా పంచుతామని చెబితే సంతోషంగా ఒప్పుకునేవారు ఎందరో ఉన్నారు. ఒప్పుకోలు మాత్రం రాతలో తీసుకోండి. చదివిన ప్రతిసారీ రచయిత పేరు చెప్పండి.

చూపు లేనివారి కోసం ప్రత్యేకంగా చేసేవారికి ఒక వెసులుబాటు ఉంది. 2012లో కాపీరైటు చట్టానికి చేసిన సవరణ, వైకల్యం ఉన్నవారు చదువుకోగల రూపంలోకి రచనలను మార్చడానికి వీలు కల్పించింది. ఇదే ఉద్దేశంతో 2013లో కుదిరిన మరాకేష్ ఒప్పందాన్ని 2014లో అందరికంటే ముందు ఆమోదించిన దేశం మనదే. అయితే ఆ వెసులుబాటు లాభాపేక్ష లేకుండా, వారికి మాత్రమే అందించేదానికి. అందరికీ పంచే పత్రికకు అది వర్తించదు.

5. రికార్డింగ్

ఖరీదైన మైకు కంటే గది ముఖ్యం. ఖాళీ గోడలున్న గదిలో గొంతు గోడలకు తగిలి తిరిగి వస్తుంది, ఆ మారుమోతను తర్వాత ఏ సాఫ్ట్‌వేరూ శుభ్రంగా తీయలేదు. బట్టల బీరువా తలుపులు బార్లా తెరిచి, దాని వైపు తిరిగి కూర్చోండి. వెనక ఒక బొంత వేలాడదీయండి. కింద నేల మీద దుప్పటి. ఇంతకంటే మంచి స్టూడియో మొదటి ఏడాదికి అక్కర్లేదు.

ఫ్యాను ఆపండి, ఫ్రిజ్ ఆపండి, ఫోనును ఎయిర్‌ప్లేన్ మోడ్‌లో పెట్టండి. మన ఊళ్ళలో నిశ్శబ్దం దొరికే సమయాలు రెండే: మధ్యాహ్నం భోజనాలయ్యాక ఒక గంట, రాత్రి పది దాటాక. వీధిలో మైకుల కాలం, అంటే కార్తీకమాసం, వినాయక చవితి రోజులు, ముందే చూసుకుని ఆ నెల పని వారం ముందే ముగించండి.

ఫోనులోని రికార్డర్ సెట్టింగుల్లో ధ్వనిని కుదించకుండా దాచే వేవ్ (WAV) రకం ఉంటే అదే ఎంచుకోండి, లేకపోతే ఉన్నవాటిలో ఎక్కువ నాణ్యత గలది. ఫోనును చేత్తో పట్టుకోకండి, పుస్తకాల దొంతర మీద పెట్టండి. నోటికి జానెడు దూరంలో, ఎదురుగా కాకుండా కొంచెం పక్కకు. ప, ఫ, బ, భ పలికినప్పుడు వెలువడే గాలి నేరుగా మైకుకు తగిలితే ధబ్బుమంటుంది, పక్కకు జరిపితే పోతుంది. తర్వాత కొనదలిస్తే మొదట కొనవలసింది కాలరుకు తగిలించే చిన్న వైరు మైకు.

మొదలుపెట్టే ముందు పది సెకన్లు ఏమీ మాట్లాడకుండా గదిని రికార్డు చేయండి. ఎడిటింగ్‌లో అది పనికొస్తుంది. తడబడితే ఆపేయకండి. ఒక్కసారి చప్పట్లు కొట్టి, ఆ వాక్యం మొదటి నుంచి మళ్ళీ చెప్పండి. తెర మీద చప్పట్ల చోట గీత నిటారుగా లేస్తుంది, ఎక్కడ కోయాలో వెతుక్కునే పని ఉండదు.

ఇక గొంతు. పిల్లల కోసం అనగానే పెద్దలు గొంతు సన్నబరిచి, ముద్దుముద్దుగా సాగదీస్తారు. దయచేసి అది వద్దు. పక్కన కూర్చున్న ఒక్క పిల్లవాడికి చెబుతున్నట్టు, మామూలు గొంతుతో, నిదానంగా చెప్పండి. భయం వచ్చే చోట గొంతు తగ్గించండి, పెంచకండి. ళ, ణ, శ, ష విడివిడిగా వినపడాలి, తెలుగు చెవితో మాత్రమే నేర్చుకుంటున్న పిల్లలకు మీ ఉచ్చారణే వాచకం.

6. పిల్లల గొంతులు

ఈ భాగం లేకపోతే అది పెద్దలు పిల్లలకు పంపే ప్రసంగం అవుతుంది. అయితే "ఏదైనా మాట్లాడు" అంటే ఏ పిల్లా మాట్లాడదు. కాగితం ఇచ్చి చదివిస్తే గొంతులో ప్రాణం ఉండదు. నిక్కచ్చి ప్రశ్న అడగాలి. "మీ ఇంట్లో అందరికంటే ముందు ఎవరు లేస్తారు? లేచి ఏం చేస్తారు?" "మీ మంచం కింద ఏమేమి ఉన్నాయి? వంగి చూసి చెప్పు." "నీకు నచ్చని కూర ఏది? దాన్ని ఎలా తప్పించుకుంటావు?" మంచం కింద ఏముందో వంగి చూసి చెప్పే పిల్లవాడు మైకును మరిచిపోతాడు. ఆ మరుపులోనే అసలు గొంతు వస్తుంది.

తల్లిదండ్రులకు పంపే సూచనలు ఇవి: పక్క నుంచి అందించకండి, తప్పు దిద్దకండి, నిమిషంన్నర దాటనివ్వకండి, పక్క గదిలో టీవీ ఆపండి. యాసను సరిచేయవద్దని ప్రత్యేకంగా చెప్పండి. సిక్కోలు పిల్ల సిక్కోలు మాటే మాట్లాడాలి, పాలమూరు పిల్లవాడు పాలమూరు మాటే మాట్లాడాలి. వినే పిల్లలకు తమ భాష ఎంత పెద్దదో తెలిసేది ఇక్కడే. మధ్యలో ఇంగ్లీషు మాటలు వేసే ప్రవాస పిల్లల్ని కూడా అలాగే ఉంచండి. ఆ పిల్ల తడుముకుంటూ తెలుగు మాట వెతుక్కునే రెండు సెకన్లను కోసేయకండి.

భద్రత విషయంలో రాజీ లేదు. పేరు, వయసు, జిల్లా లేదా దేశం, ఇంతే. ఇంటిపేరు, బడి పేరు, వీధి, బస్సు నంబరు ఏవీ రాకూడదు. పిల్లవాడే చెప్పేస్తే ఎడిటింగ్‌లో తీసేయండి. 2023 నాటి డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం 18 ఏళ్ళు నిండనివారందరినీ పిల్లలుగానే చూస్తుంది, వారి విషయంలో తల్లిదండ్రుల అనుమతి కావాలంటుంది. చట్టం మాట పక్కన పెట్టినా, ఎక్కడెక్కడ వినిపిస్తారో, ఎన్నాళ్ళు ఉంచుతారో చెప్పి రాతపూర్వకంగా అనుమతి తీసుకోవడం మన మర్యాద. పిల్లవాడిని కూడా అడగాలి. వద్దంటే వద్దు.

7. చప్పుళ్ళు

ఆడియో పత్రికకు బొమ్మలు ఇవే. ఇంటర్నెట్‌లో దొరికే చప్పుళ్ళలో ఎక్కువ భాగం మన ఊరివి కావు. వాటి వానలో రేకు కప్పు మోత ఉండదు, వాటి బడి గంట మన ఇనుప పట్టీ గంటలా మోగదు. సొంతంగా పోగు చేసుకోండి. చేటలో గుప్పెడు మినుములు వేసి మెల్లగా వంచితే జల్లు. ఎండుటాకులను వేళ్ళతో నలిపితే మంట. రెండు ఎండు కొబ్బరి చిప్పలను నేల మీద మార్చి మార్చి కొడితే గుర్రం. పలచటి ఇనుప రేకును అంచు పట్టుకుని ఊపితే ఉరుము.

"ఈ చప్పుడు ఏమిటి?" శీర్షికకు అసలైన నిధి మాత్రం మన ఇళ్ళలోనే ఉంది. కవ్వంతో మజ్జిగ చిలకడం, తిరగలి తిరగడం, బావి గిలక కీచుమనడం, ట్రంకు పెట్టె మూత పడటం, ఎడ్ల మెడలో గంటలు, పూలమ్మే ఆమె కేక, దోసె పెనం మీద నీళ్ళు చిలకరించగానే వచ్చే చుర్రుమనే శబ్దం. కవ్వం చప్పుడు రికార్డు చేయాలంటే ఫోనును కుండ మూతికి మరీ దగ్గర పెట్టకండి, మూరెడు దూరంలో పక్కన పెట్టండి. తాడు లాగినప్పటి గరగర ఒకటి, మజ్జిగ ఎగసి పడే గుబగుబ ఒకటి, రెండూ వినిపించాలి. ఇరవై సెకన్లు చాలు. వినిపించాక ఐదు సెకన్లు ఖాళీ వదలండి, పిల్లలు జవాబు చెప్పడానికి. ఆ తర్వాత జవాబు, తర్వాత మళ్ళీ అదే చప్పుడు. రెండోసారి విన్నప్పుడు తెలిసిన చెవితో వింటారు.

అయితే చప్పుళ్ళు మితంగా వాడండి. గలగల, జలజల, చిటపట, బిరబిర, దబదబ అంటూ మాటలతోనే మోగే భాష మనది. "వాన చిటపట మొదలైంది" అని చక్కగా పలికితే వెనక వాన చప్పుడు అక్కర్లేదు.

సంగీతం సినిమా పాటల నుంచి తీసుకోవద్దు, పది సెకన్లయినా సరే. కోలాటం కర్రలు, తాళాలు, డప్పు మీద చిన్న దరువు, దాని మీద నలుగురు పిల్లలు పత్రిక పేరు పాడితే మీకే సొంతమైన గుర్తు సంగీతం. మాటల కింద సంగీతం పరచకండి. చెవి మీదే ఆధారపడే పిల్లలకు అది అడ్డు.

8. ఎడిటింగ్

ఉచితంగా దొరికే ఆడాసిటీ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేరు కంప్యూటర్లో ఉంటే చాలు. ముందు చప్పట్ల గుర్తుల దగ్గర తప్పులు కోయండి. ఊపిరి శబ్దాలన్నీ తీసేయకండి, మనిషి మాట్లాడుతున్నట్టు ఉండదు. ముందుగా రికార్డు చేసిన పది సెకన్ల గది చప్పుడును ఎంచుకుని, నాయిస్ రిడక్షన్‌లో దాన్ని నమూనాగా ఇచ్చి, ఆరు నుంచి ఎనిమిది డెసిబెల్స్ తగ్గించండి. అంతకుమించితే గొంతు నీళ్ళలోంచి వస్తున్నట్టు అవుతుంది. 80 హెర్ట్జ్ కింది భాగాన్ని హై పాస్ ఫిల్టర్‌తో తీసేస్తే దూరపు లారీల మోత తగ్గుతుంది.

ఒక అంశం గట్టిగా, మరొకటి మెల్లగా ఉండటం ఇలాంటి పత్రికల్లో తరచుగా కనిపించే లోపం. పిల్లలు పంపిన రికార్డింగుల్లో ఇది తప్పదు. ప్రతి ముక్కకూ విడివిడిగా లౌడ్‌నెస్ నార్మలైజేషన్ వేసి −16 ఎల్‌యూఎఫ్‌ఎస్‌కు (చెవికి ఎంత గట్టిగా వినిపిస్తుందో చెప్పే కొలత ఇది) తీసుకురండి. తర్వాత లిమిటర్‌తో శిఖరాలను −1.5 డెసిబెల్స్ దాటనివ్వకండి. అంశానికీ అంశానికీ మధ్య రెండు సెకన్లు ఖాళీ.

చివరికి మోనోలో, అంటే ఒకే చానెల్‌గా, 64 కేబీపీఎస్ ఎంపీ3గా తీయండి. నిమిషానికి అర ఎం.బి.కి లోపే, అంటే పద్దెనిమిది నిమిషాల సంచిక దాదాపు 9 ఎం.బి. తక్కువ డేటా ఉన్న ఇంటికి కూడా ఇది భారం కాదు. మాటకు ఈ నాణ్యత చాలు.

9. విడుదలకు ముందు వినిపించి చూడండి

ముగ్గురు నలుగురు పిల్లలను కూర్చోబెట్టి, మీ గొంతని చెప్పకుండా వినిపించండి. మీరు ఫోను వైపు కాదు, పిల్లల వైపు చూడండి. ఎక్కడ కాలు కదిలింది, ఎక్కడ చూపు కిటికీ వైపు వెళ్ళింది, ఎక్కడ ఒకరినొకరు చూసుకున్నారు, నిమిషం సెకను రాసుకోండి. ముగ్గురూ ఒకే చోట కదిలితే అక్కడ కథ సాగుతోందని అర్థం, కోయండి. కదలడం ఎప్పుడూ విసుగు కాదు. గుర్రం వచ్చినప్పుడు గుర్రంలా ఊగే పిల్లవాడు అందరికంటే బాగా వింటున్నాడు.

"బాగుందా?" అని అడగకండి, పెద్దల మొహం చూసి బాగుందనే చెబుతారు. "గారె ముక్క చివరికి ఎవరికి దక్కింది?" అని అడగండి. లేదా "ఈ కథ తమ్ముడికి చెప్పు" అనండి. చెప్పేటప్పుడు వారు వదిలేసిన ముక్కలు మీ రాతలోనూ అనవసరమైనవే అయి ఉంటాయి.

వీలైతే చూపు లేని ఒక పిల్లవాడికి కూడా వినిపించండి. "ఎర్రగా, గులాబీ పువ్వులా" అని రాసిన చోట వాసన, తాకితే ఎలా ఉంటుందో, బరువెంతో చెప్పాలని అప్పుడు తెలుస్తుంది. అలా మార్చిన వాక్యం చూపున్న పిల్లలకూ మెరుగ్గానే ఉంటుంది.

10. చేర్చడం

వాట్సాప్ అందరి దగ్గరా ఉంది కాబట్టి అక్కడి నుంచే మొదలుపెట్టండి. గ్రూపు కంటే బ్రాడ్‌కాస్ట్ జాబితా మేలు, తల్లిదండ్రుల నంబర్లు ఒకరివి ఒకరికి కనిపించవు. ఒక జాబితాలో 256 మంది దాకా ఉండవచ్చు, అయితే మీ నంబరును తమ ఫోనులో దాచుకున్నవారికే అది చేరుతుంది. ఫైలును డాక్యుమెంటుగా పంపండి. ఫైలు పేరు ముందు అంకె ఉంచండి: 01, 02, 03. మెమరీ కార్డు వేసుకునే చిన్న స్పీకర్లు, కారు ప్లేయర్లు చాలావరకు ఫైళ్ళను పేరు వరుసలోనే వినిపిస్తాయి, తెలుగు అక్షరాలను కొన్ని చూపలేవు కూడా. ప్రతి ఫైలు మొదట్లో "ఇది ఫలానా సంచిక" అని గొంతుతో చెబితే చూపు లేని పిల్లలకు ఎవరి సాయమూ అక్కర్లేదు.

సంచికలు నాలుగైదు అయ్యాక పాడ్‌కాస్టుగా పెట్టండి, విదేశాల్లో ఉన్నవారికి అది సులువు. యూట్యూబ్‌లో పెడితే "పిల్లల కోసం చేసినది" అని తప్పక గుర్తించాలి. అప్పుడు వ్యాఖ్యలు మూసుకుపోతాయి, అది మంచిదే. కానీ డబ్బు కట్టని ఫోన్లలో తెర ఆపితే పాట ఆగిపోతుంది. తెర చూడకుండా వినాలన్నదే మన ఉద్దేశం కాబట్టి యూట్యూబును చివరి దారిగా ఉంచుకోండి.

మీ దగ్గర్లో సామాజిక రేడియో ఉంటే వెళ్ళి కలవండి. జహీరాబాద్ దగ్గర దళిత మహిళలు 2008 నుంచి నడుపుతున్న సంఘం రేడియో చూస్తే, ఊరి గొంతుతో ఊరికి మాట్లాడటం ఎలా ఉంటుందో తెలుస్తుంది. అంగన్‌వాడీకి, ఊరి గ్రంథాలయానికి, చూపులేని పిల్లల బడికి సంచికలన్నీ వేసిన పెన్‌డ్రైవ్ ఇచ్చి రండి. ఇంటర్నెట్ లేని చోటికి పత్రిక వెళ్ళేది ఇలాంటి దారుల్లోనే.

పిల్లల నుంచి వచ్చిన జవాబులను వచ్చే సంచికలో పేర్లతో సహా చదవండి, తప్పు జవాబులు పంపినవారివి కూడా. తన పేరు వినపడుతుందని ఎదురుచూసే పిల్లవాడు సంచిక చివరిదాకా వింటాడు. ఒక్కో పిల్లవాడి రికార్డింగును అనుమతి పత్రంతో కలిపి వేరే ఫోల్డరులో, అసలు వేవ్ రూపంలోనే దాచండి. రెండేళ్ళ తర్వాత ఏ తల్లిదండ్రులైనా తమ బిడ్డ గొంతు తీసేయమంటే ఆ ముక్క ఒక్కటీ తీసి, సంచికను మళ్ళీ కట్టి పెట్టగలగాలి.